మిగతా రెండు పాదాలు

మొన్నటి క్రిస్మస్‌కు నెల రోజుల ముందు గుడి యూత్ వాళ్ళు ముగ్గురు మా ఇంటికి వచ్చి, ఇదే చివరి నాటకమని నాన్నతో చెప్పారు. చెప్పడానికి వాళ్ళకు వెంటనే నోరు రాలేదు. అమ్మ ఇచ్చిన టీ తాగారు, మురుకులు తిన్నారు, కాలనీలో కుక్కలు ఎక్కువైపోయాయని మాట్లాడారు. చివరికి క్రిస్టోఫర్ గొంతు సవరించుకున్నాడు.

"పెదనాన్నా, వచ్చే ఏడు నుంచి ఎల్‌ఈడీ స్క్రీన్ పెడదామనుకుంటున్నం. బాలయేసు పుట్టుకంత వీడియోల వస్తది. మధ్యమధ్యల డాన్సులుంటయి. గిప్పుడు గంటసేపు కూసొని పద్యాలు వినేటోళ్ళు ఎవరున్నరు చెప్పు?"

నాన్న గ్లాసు కింద పెట్టాడు. "ఈ ఏడు ఉన్నది గదా?"

"ఈ ఏడు ఉన్నది."

"అయితే రిహార్సల్‌కు జల్దీ రాండ్రి. పోయినేడు భటులు ఒక్క దినమన్న టైముకు రాలే."

క్రిస్టోఫర్ తల దించుకున్నాడు. ఆ భటుల్లో వాడూ ఒకడు.

మా నాన్న సవరయ్య మణుగూరు బొగ్గుబాయిలో పంపు ఆపరేటర్‌గా చేసి మూడేళ్ళ కింద రిటైరయ్యాడు. క్రిస్మస్ ముందు రోజు సాయంత్రం మా గుడి ముందు వేసే నాటకంలో ఇరవై ఎనిమిదేళ్ళుగా ఆయనే హేరోదు, బాలయేసు పుట్టి తన సింహాసనానికి ఎసరు పెడతాడని భయపడే రాజు. మరియమ్మ పక్కన నిలబడే జోజప్పలు మారారు. మరియమ్మలు పెళ్ళిళ్ళయి వెళ్ళిపోయారు. ముగ్గురు జ్ఞానుల్లో ఒకాయన కాలం చేశాడు. హేరోదు మాత్రం మారలేదు. నాటకం రాసింది కూడా నాన్నే కాబట్టి మార్చమని అడిగే ధైర్యం ఎవరికీ లేకపోయింది. వేరే ఊళ్ళ నాటకాల్లో హేరోదు నాలుగు అరుపులు అరిచి లోపలికి పోతాడు. మా హేరోదు పౌరాణిక నాటకాల్లో రాజులాగా పద్యం ఎత్తుకుంటాడు. రాగం తీశాడంటే, అవతలి వీధిలో పళ్ళెం ముందు కూర్చున్నవాళ్ళు కూడా ముద్ద చేతిలో పట్టుకుని ఆగిపోవాల్సిందే.

నేను ఆయన ఒక్కగానొక్క కూతుర్ని, స్తుతిని. మణుగూరులో దస్రు అన్న ఫొటో స్టూడియోలో పెళ్ళి ఆల్బములు డిజైన్ చేస్తాను. అందుకని నాటకాన్ని వీడియో తీసే పని ఏటా నాదే.

ఆ చివరి నాటకం ఏడు గంటలకు మొదలైంది. కుర్చీలు సగం ఖాళీ. మీసం అంటించే గమ్ము ఎక్కడా దొరక్కపోతే అమ్మ తుమ్మజిగురు నానబెట్టి అంటించింది. "గుర్రం గుంజినా ఊడదు" అని చెప్పి మరీ పంపింది. నాన్న కిరీటం సర్దుకుని, తూర్పున కట్టిన రంగు కాగితాల నక్షత్రం వైపు చెయ్యి చాచి ఎత్తుకున్నాడు.

"నింగి నెవ్వాడు నిలిపెనీ నిప్పుచుక్క
నన్ను నడుగక నా నేల నడుమ నేడు..."

'నన్ను నడుగక' అన్న చోట రాగం తీయడం ఆయనకు అలవాటు. నోరు తెరిచిన కొద్దీ మీసం సాగింది. ఎడమ కొస ఊడి గడ్డం మీదికి వేలాడింది. నాన్న రాగం ఆపలేదు. ఎడమ చేత్తో దాన్ని పైకి నొక్కి పట్టి ఇంకొంచెం పైకి వెళ్ళాడు. చెయ్యి తీశాడు, మళ్ళీ జారింది. మళ్ళీ నొక్కాడు. "నన్ను నడుగకా..." మూడోసారి కోపం వచ్చి, అది మీసం మీద కోపమో నక్షత్రం మీద కోపమో తెలియదు, దాన్ని ఊడబెరికి పక్కకు విసిరాడు. అది పోయి ఈటె పట్టుకుని నిలబడ్డ క్రిస్టోఫర్ చెవికి అతుక్కుంది.

మరియమ్మ వేషం వేసిన పిల్ల బొమ్మ శిశువును ఎత్తుకుని నవ్వుతూ తెర వెనక్కి పారిపోయింది. ఫాదర్ గారు రుమాలు నోట్లో కుక్కుకున్నారు. నవ్వి నవ్వి నా చేతిలో కెమెరా ఊగిపోయింది. నాన్న ఆ తర్వాత ఏం పాడాడో నేనైతే వినలేదు.

మర్నాడు మధ్యాహ్నం, క్రిస్మస్ బిర్యానీ తిన్న మత్తులో, ఆ ముక్కను కత్తిరించి నా ఇన్‌స్టాలో పెట్టాను. పందొమ్మిది సెకన్లు. 'మా ఇంటి హేరోదు' అని రాశాను. నన్ను చూసేవాళ్ళు మూడు వందల మంది ఉంటారేమో. ఎక్కువమంది మా కాలనీవాళ్ళే. అంతకుమించి ఏమీ అనుకోలేదు.

ఇరవై ఏడో తారీఖున స్టూడియోకు వెళ్తే దస్రు అన్న షట్టర్ సగమే ఎత్తి లోపల కూర్చుని ఫోన్ చూస్తున్నాడు.

"స్తుతీ, మీ నాన్నను ఎంతమంది చూసిండ్రో తెలుసా?"

"ఎంతమంది?"

"పొద్దున పదకొండు లక్షలు. టీ తాగొచ్చేసరికి పన్నెండు."

ఆ వారంలో అది నా చెయ్యి దాటిపోయింది. జనం వీడియోలోంచి నాన్న గొంతును మాత్రమే తీసుకుని ఎవరికి కావలసిన చోట వాళ్ళు అతికించుకున్నారు. భార్య కొత్త చీర కట్టుకుని వస్తుంటే, మొగుడు గోడకు ఆనుకుని, నన్ను నడుగకా. కరెంటు పోతే, నన్ను నడుగకా. హాస్టల్లో తన బకెట్ వేరేవాళ్ళు తీసుకుంటే, నన్ను నడుగకా. భద్రాచలం కరకట్ట మీద ఒకాయన చేతిలో అరటిపండును కోతి లాక్కుపోతే, వెర్రిమొహం వేసుకుని నిలబడ్డ ఆయన మీద మా నాన్న రాగం. ఊడిన మీసం పట్టుకున్న నాన్న బొమ్మ వాట్సాప్ స్టిక్కర్ అయింది. ముక్కూమొహం తెలియనివాళ్ళు కూడా ఒకరికొకరు మా నాన్నను పంపుకుంటున్నారు.

నాన్న దగ్గర ఉన్నది బటన్ల ఫోను. ఆయనకు ఇదేమీ తెలియదు. అమ్మకు చెప్పాను. అమ్మ కోతి వీడియో చూసి, పొంగుతున్న పాలు కూడా మర్చిపోయి నవ్వింది. తర్వాత నవ్వు ఆపి నన్ను చూసింది.

"ఆయనకు తెలిస్తే?"

"తెలువనియ్యొద్దు అమ్మా. వారం పది దినాలల్ల అందరు మర్చిపోతరు."

మర్చిపోలేదు సరికదా, నాన్న బజారుకు వెళ్తే జనం నమస్కారాలు పెట్టడం మొదలుపెట్టారు. కూరగాయలామె కొసరుగా గుప్పెడు పచ్చిమిరపకాయలు వేసి "రాజుగారికి" అంది. కాలేజీ పిల్లలు బైకు ఆపి ఆయన పక్కన నిలబడి ఫొటోలు దిగారు. నాన్న ఇస్త్రీ చొక్కా లేకుండా బయటికి వెళ్ళడం మానేశాడు. ఒక సాయంత్రం కొత్తిమీర కట్టతో వచ్చి, గుమ్మంలోనే నిలబడి చెప్పాడు.

"ఇరవై ఎనిమిదేండ్లకు జనానికి పద్యం ఎక్కింది, జోజమ్మా."

అమ్మ కొత్తిమీర అందుకుంది. నేను స్నానాల గదిలోకి వెళ్ళి కుళాయి తిప్పి, అక్కడే కాసేపు నిలబడ్డాను.

జనవరి రెండో శనివారం నాన్న గడ్డం చేయించుకోవడానికి సెలూన్‌కు వెళ్ళాడు. అరగంటలో తిరిగొచ్చాడు. గడ్డం అలాగే ఉంది. చెప్పులు విడిచి, కుర్చీ నా పక్కకు లాక్కుని కూర్చున్నాడు.

"నీ ఫోన్ల ఉన్నదట గదా. చూపియ్యి."

అమ్మ వంటింట్లోంచి తొంగి చూసి మళ్ళీ లోపలికి వెళ్ళిపోయింది. చూపించాను. కళ్ళజోడు పెట్టుకుని చూశాడు.

"గిసోంటియి ఎన్ని ఉన్నయి?"

"చాన ఉన్నయి నాన్నా."

"అన్ని చూపియ్యి."

చీర, కరెంటు, బకెట్, కోతి. దాదాపు గంటసేపు చూశాడు. నవ్వలేదు, కోప్పడలేదు. బాయిలో పంపు మీటర్లు చూసేటప్పుడు కూడా ఇలాగే చూసేవాడేమో.

"అన్ని ఒక్కకాడనే ఎందుకు ఆగుతున్నయి?" అని అడిగాడు.

"అక్కడికే కట్ చేసి పెట్టిన."

"నువ్వా?"

"అవ్ నాన్నా."

కుక్కర్ రెండుసార్లు కూసింది. నాన్న కళ్ళజోడు తీసి జేబులో పెట్టుకున్నాడు.

"ఇంకో రెండు పాదాలు ఉన్నయి గదా, బిడ్డా" అన్నాడు. ఫోన్ జాగ్రత్తగా నా ఒళ్ళో పెట్టి, బంతిమొక్కలకు నీళ్ళు పోయడానికి వెళ్ళాడు.

అంతే. తిట్టి ఉంటే ఏడ్చి ఊరుకునేదాన్ని.

ఆ తర్వాత ఆయన బజారుకు వెళ్ళలేదు. సెలూన్‌కూ వెళ్ళలేదు. స్నానం చేసేటప్పుడు పాడటం మానేశాడు. "పాట ఇనపడకపోతే మీ నాన్న తానం చేసిండో లేదో కూడ తెలుస్తలేదు" అంది అమ్మ. నవ్వించడానికే అంది, కానీ ఇద్దరికీ నవ్వు రాలేదు. తప్పు తుమ్మజిగురుది అని కాసేపు, నాది అని కాసేపు వాదించుకున్నాం. క్రిస్టోఫర్ రెండుసార్లు వచ్చి గేటు దగ్గరే నిలబడి, "పెదనాన్న ఉన్నడా?" అని అడిగి, ఉన్నాడంటే లోపలికి రాకుండా వెళ్ళిపోయాడు.

నాలుగో రోజు స్టూడియోలో కూర్చుని నాటకం మొత్తం వీడియో తెరిచాను. కెమెరా ఊగిన చోట ఊగింది. జనం నవ్వులు తగ్గించి నాన్న గొంతు పెంచాను. మీసం విసిరిన తర్వాత ఆయన ఒక్క క్షణం కూడా ఆగలేదని అప్పుడే చూశాను. నేను నవ్వుతున్నంతసేపూ ఆయన పాడుతూనే ఉన్నాడు. పద్యం అయిపోయే వేళకు ముందు వరుసలో ఒక ముసలమ్మ తప్ప ఎవరూ ఆయన వైపు చూడటం లేదు. ఇయర్‌ఫోన్లు తీసి బయటికి వెళ్ళి ముఖం కడుక్కుని వచ్చాను.

నాలుగు నిమిషాల పద్యాన్ని పూర్తిగా పెట్టాను. 'ఈయన పేరు సవరయ్య. మా నాన్న. నవ్వుకోండి, కానీ చివరిదాకా ఉండండి' అని రాశాను.

అప్పటికి పందొమ్మిది సెకన్లది నలభై లక్షలు దాటింది. ఇది మొదటి రోజు మూడు వందల పన్నెండు. 'మీసం ఎన్నో నిమిషంలో ఊడుద్ది?' అని ఒకరు అడిగారు. రెండో రోజు ఇంకో ఎనభై. మూడో రోజు ఒక వాయిస్ మెసేజ్ వచ్చింది.

"అక్కా, నా పేరు దీపిక. మాది బోనకల్ దగ్గర. మా తాతయ్య మీ నాన్నగారితో మాట్లాడాలంటున్నారు. పొద్దుట్నుంచీ ఈ వీడియో పదిహేనుసార్లు పెట్టించుకున్నారు. నా ఫోన్ చార్జింగ్ కూడా అయిపోయింది." ఆ వెనకే ముసలి గొంతు ఒకటి అడ్డం వచ్చింది. "నువ్వు మన ముదిగొండ సవరయ్యవేనట్రా? అయితే నేను చెంచురామయ్యని."

ఇంటికి వచ్చి నాన్నకు వినిపించాను. బంతిమొక్కల దగ్గర కూర్చున్న మనిషి ఆ పేరు వినగానే లేచి నిలబడ్డాడు. చేతులు లుంగీకి తుడుచుకున్నాడు.

"మేష్టారు ఉన్నరా ఇంకా!"

వీడియో కాల్ కలిపాను. స్క్రీన్ మీద ముడతలు పడ్డ నొసలు, దాని మీద విభూతి రేఖలు మాత్రమే కనిపించాయి.

"మేష్టారూ, మీ నొసలే కనపడుతున్నది" అన్నాడు నాన్న.

"నీకు ఇంకా మీసం రాలేదేంట్రా?" అంది ఆ నొసలు. ఫోన్ కిందికి దిగింది. ఎనభై నాలుగేళ్ళ ముఖం, బోసినోరు, మెరిసే కళ్ళు. "సరే గానీ, అది చెప్పు ముందు. మొదటి రెండు పాదాలూ మోహనలో ఎత్తావు. మూడో పాదంలోకి వచ్చేసరికి గాంధారం ఒక్కటి తగ్గించి శివరంజనిలోకి దిగావు. వినేవాడికి రాగం మారిందని తెలీదు, గుండె మాత్రం కలుక్కుమంటది. ఎవరు నేర్పార్రా నీకు?"

"మీరే నేర్పిండ్రు మేష్టారూ. మోటరు కొట్టం కాడ, మధ్యాహ్నాలు."

 నలభై నాలుగేళ్ళ కింద, బాయిలో ఉద్యోగం రాకముందు, ముదిగొండ ప్రాంతంలో తిరిగే నాటక సమాజంలో నాన్న రెండేళ్ళున్నాడని నాకు తెలుసు. ఏం వేషాలు వేశాడో, అక్కడి ఈ హార్మోనియం మేష్టారు ఎవరో ఎప్పుడూ చెప్పలేదు.

"పద్యం ఎవరిది?" అన్నాడాయన.

"నాదే."

"చదువు."

నాన్న ఒక్కో మాటా విడదీసి చెప్పాడు. పెద్దాయన వేళ్ళు మడుస్తూ గణాలు లెక్కపెట్టాడు. నాలుగు పాదాలూ అయ్యాక మడిచిన వేళ్ళు అలాగే పట్టుకుని కూర్చున్నాడు.

"తేటగీతి. ఎక్కడా యతి తప్పలేదు." మడిచిన వేళ్ళు ఒక్కొక్కటే విప్పాడు. "నీకు రాజు వేషం ఇయ్యలేదు మేము. రెండేళ్ళూ ఈటె పట్టుకుని నిలబడమన్నాం. నీ గొంతు ఏంటో నాకు తెలుసు. సమాజంలో పెద్దలున్నారు, మాదిగపల్లె కుర్రాడికి కిరీటం పెడితే ఊరుకోరు అనుకున్నా. వాళ్ళని ఒక్క మాట అడిగినా బాగుండేది. అడగలేదు."

"ఈటె కాడ నిలబడే గదా మేష్టారూ అన్ని పద్యాలు నేర్చుకున్న."

"అది నీ గొప్ప. నాది కాదు." వేళ్ళు స్క్రీన్ ముందు ఆడించి చూపించాడు. "ఇంకా వేళ్ళు ఆడుతున్నాయిరా. హార్మోనియం పెట్టె కూడా ఉంది. మా ఊళ్ళో వేద్దాం. నేను వాయిస్తాను, నువ్వు రాజువి. ఎప్పుడొస్తావు?"

నాన్న నా వైపు చూశాడు, అమ్మ వైపు చూశాడు. అమ్మ కొంగుతో కళ్ళు ఒత్తుకుంటూనే, "విభూతి బుధవారం లోపల పెట్టుకొమ్మను. ఆ దినం నుంచి ఈస్టర్ దాక ఉపవాసాల తపస్సు కాలం, గప్పుడు నాటకాలెందుకు" అంది.

ఆ సాయంత్రం స్నానాల గదిలోంచి మోహన రాగం వినిపించింది. అమ్మ పొయ్యి మంట తగ్గించి విన్నది.

మరుసటి రోజు నుంచి మా ఇల్లు ఇల్లులా లేదు. పొద్దున ఆరింటికి బోనకల్ నుంచి కాల్. నా ఫోన్‌ను బియ్యం డబ్బాకు ఆనించి పెట్టేదాన్ని. మా దగ్గర నెట్‌వర్క్ అంతంతమాత్రమే. హార్మోనియం స్వరం ఒకటి ఆలస్యంగా వచ్చేది. నాన్న పాదం ముగించాక అవతలి నుంచి పెట్టె మొదలయ్యేది. "ముందుకు ఉరకకురా!" అని ఆయన, "మీరే వెనకబడ్డరు మేష్టారూ!" అని ఈయన. చివరికి దీపిక ఒక ఉపాయం చెప్పింది. పెద్దాయన వాయించి వాయిస్ మెసేజ్ పంపాలి, నాన్న దానితో కలిపి పాడి తిరిగి పంపాలి. వారం తిరిగేసరికి నాన్నకు వాయిస్ మెసేజ్ పంపడం వచ్చేసింది. దాన్ని రెండింతల వేగంతో వింటే మేష్టారు కోడిపుంజులా వాయిస్తాడని కూడా కనిపెట్టాడు. అది విని ఆయన నవ్విందే, రెండు వారాల తర్వాత నేను విన్న మొదటి నవ్వు.

క్రిస్టోఫర్ ఈసారి గేటు దాటి లోపలికి వచ్చాడు. "పెదనాన్నా, భటులు వద్దా మీకు?"

"టైముకు వస్తరా?"

"పొద్దున ఆరింటికి రమ్మన్నా వస్తం."

పోస్టర్ చేసే పని నాకే పడింది. ఏ బొమ్మ వేయాలో అర్థం కాలేదు. కిరీటంతో ఉన్న మంచి ఫొటోలు నాలుగు నాన్న ముందు పెట్టాను. ఆయన నాలుగూ పక్కకు జరిపాడు.

"ఊడిన మీసం పట్టుకున్నది ఉన్నది గదా, స్టిక్కరు. గదే ఎయ్యి."

"నాన్నా..."

"జనాలకు తెలిసిన మొఖం గదే. ముందైతే రానియ్యి. వచ్చినంక మన సంగతి మనం చూసుకుందాం."

ఫిబ్రవరి రెండో ఆదివారం సాయంత్రం. చెంచురామయ్య గారి కొడుకు తమ సిమెంటు కల్లం ఖాళీ చేయించి స్టేజీ కట్టించాడు. నిన్నటిదాకా అక్కడ మిర్చి ఆరబోశారు, చుట్టుపక్కల కల్లాల్లో ఇంకా ఎర్రగా పరుచుకునే ఉంది. ఆ ఘాటుకు వచ్చినవాళ్ళు వచ్చినట్టు తుమ్ముతున్నారు. రెండు వందల కుర్చీలు వేస్తే ఆరు గంటలకే నిండిపోయాయి. మధిర నుంచి, ఖమ్మం నుంచి బైకుల మీద కుర్రవాళ్ళు, కాలేజీ ఆడపిల్లలు వచ్చారు. వెనక నిలబడ్డవాళ్ళతో కలిపి నాలుగు వందల మంది ఉంటారు. అందరి చేతుల్లో ఫోన్లు. వాళ్ళు దేనికోసం వచ్చారో నాకు తెలుసు. 

అమ్మ ఆ రోజు అంటించడానికి ఏమీ తీసుకురాలేదు. సెలూన్‌కు వెళ్ళని ఆ నెల రోజుల్లో నాన్నకు సొంత మీసం వచ్చింది. తెల్లగా ఉంటే అమ్మ పొద్దున కూర్చోబెట్టి రంగు వేసింది.

పెద్దాయనను ఇద్దరు పట్టుకొచ్చి హార్మోనియం ముందు కూర్చోబెట్టారు. నాన్న ఆయన కాళ్ళకు దణ్ణం పెట్టబోతే చెయ్యి పట్టుకుని ఆపాడు. "రాజువిరా ఇవాళ. రాజులు వంగరు."

తెర లేచింది. భటులు టైముకే వచ్చారు. నాన్న కనబడగానే ఈలలు. నక్షత్రం వైపు చెయ్యి చాచాడు. మొదటి పాదం అయింది. నాలుగు వందల ఫోన్లు పైకి లేచాయి. రెండో పాదం ఎత్తుకోగానే కల్లం మొత్తం ఆయనతో కలిసి అరిచింది.

"నన్ను నడుగకా!"

నవ్వులు, తుమ్ములు. నాన్న ఆగాడు. జనాన్ని ఒకసారి చూశాడు. నెమ్మదిగా ఎడమ చెయ్యి ఎత్తి మీసం కొస పట్టుకుని లాగాడు. ఊడలేదు. ఇంకోసారి లాగాడు, ఈసారి నొప్పి పుట్టినట్టు మొహం పెట్టి. జనం కుర్చీల్లోంచి పడిపోయేంత నవ్వారు. ఒకామె నవ్వలేక పక్కావిడ భుజం మీద వాలిపోయింది. నాన్న కూడా నవ్వాడు. రాజులాగా కాదు, మా నాన్నలాగా.

నవ్వు తగ్గేదాకా ఓపిగ్గా నిలబడ్డాడు. తర్వాత మేష్టారి వైపు తల ఊపాడు. పెట్టె మీద ఆ ముసలి వేలు ఒక్క మెట్టు కిందికి జరిగింది.

"పసుల పాకలో పసికందు ప్రభువె యైన
హేమ సింహాసనంబున నెవడు నేను?"

'ఎవడు నేను' దగ్గర కోపం లేదు. అరుపు లేదు. కిరీటం పెట్టుకున్న ఒక మనిషి నలుగురినీ నిజంగా అడుగుతున్నట్టు అడిగాడు. ఇరవై ఎనిమిది క్రిస్మస్‌లు ఆ ప్రశ్న మా గుడి ముందు అడుగుతూనే ఉన్నాడు. నేను మాత్రం కెమెరా వెనక నిలబడి ఫోకస్ చూసుకునేదాన్ని.

కల్లంలో తుమ్ము కూడా వినబడలేదు. పైకెత్తిన చేతులు కొన్ని అలాగే ఉండిపోయాయి, దించాలని తోచక.

అప్పుడు వెనక నుంచి, తలపాగా చుట్టుకున్న ఒక ముసలాయన లేచి చేతులు నోటి దగ్గర పెట్టుకుని అరిచాడు. "వన్స్ మోర్!"

కుర్రవాళ్ళు తిరిగి చూశారు. నా పక్కన నిలబడ్డ అబ్బాయి మెల్లగా అడిగాడు. "గట్ల అడిగితే మళ్ళ పాడుతరా అక్కా?"

"పాడుతరు. పాత నాటకాలల్ల గట్లనే అడిగేటోళ్ళట."

"లైవ్‌లనే? మళ్ళ మొదటినుంచి?"

"మొదటినుంచే."

వాడు గొంతు చించుకుని అరిచాడు. వాడి వెనక వాడి స్నేహితులు, తర్వాత ఆడపిల్లలు, తర్వాత కల్లం మొత్తం. మొదటి వరుసలో మా అమ్మ, నాటకాల్లో నాన్నకు మీసాలు అంటించడమే తప్ప కూర్చుని చూసే తీరిక లేని మా అమ్మ, చీర కొంగు నడుముకు బిగించి లేచి నిలబడి అందరికంటే గట్టిగా అరిచింది. చెంచురామయ్య గారు పెట్టె మీద తల ఆనించి భుజాలు కదిలేలా నవ్వుతున్నాడో ఏడుస్తున్నాడో తెలియలేదు.

నాన్న ఆ పద్యం మూడుసార్లు పాడాడు. మూడోసారి 'నన్ను నడుగక' దగ్గర ఎవరూ నవ్వలేదు. నాలుగో పాదం కోసం ఆగి ఉన్నారు.

నాటకం అయ్యాక గంటసేపు ఫొటోలే. క్రిస్టోఫర్ ఈటె భుజాన వేసుకుని నా దగ్గరికి వచ్చాడు. "స్తుతీ, వచ్చే క్రిస్మస్‌కు నాటకమే ఏద్దాం. స్క్రీన్ పెడదాం గని, వీడియోలకు కాదు. వెనక కూసున్నోళ్ళకు పెదనాన్న మొఖం పెద్దగ కనపడాలె. కింద పద్యం అక్షరాలు రావాలె. చెయ్యగలవా?"

"చేస్త" అన్నాను. పెళ్ళిళ్ళలో పేర్లు పడేట్టు చేసేదాన్ని, పద్యం పడేట్టు చెయ్యలేనా.

ఆ రాత్రి మేష్టారింట్లోనే ఉండి, మర్నాడు పొద్దున ఖమ్మంలో మణుగూరు బస్సు ఎక్కాం. నాన్న కిటికీ పక్కన, మధ్యలో అమ్మ, ఇటు నేను. కొత్తగూడెం దాటాక మా ముందు సీట్లో కూర్చున్న అమ్మాయి ఇయర్‌ఫోన్లు దొరక్క సంచిలో వెతికి, విసిగిపోయి, అలాగే రీల్స్ పెట్టుకుంది. ఏవేవో పాటలు, వంటలు దొర్లిపోయాయి. ఉన్నట్టుండి నాన్న గొంతు. నిన్నటి రాత్రి ఎవరో పెట్టింది. నింగి నెవ్వాడు నిలిపెనీ... ఆమె బొటనవేలు పైకి తోయబోయింది.

నాన్న ముందుకు వంగాడు. "అమ్మా, గది చివరిదాకా చూడు. వెనక పాదాలు బాగుంటయి."

ఆమె తిరిగి చూసింది. కిరీటం లేదు, జరీ అంగీ లేదు. మంకీ క్యాపు పెట్టుకున్న పెద్దమనిషి. ఆమె మర్యాదకు వేలు తీసి, ఫోన్ ఒళ్ళో పెట్టుకుని విన్నది. అటు సీట్లో వాళ్ళు కూడా మాటలు ఆపారు. పాల్వంచ వచ్చేసరికి పద్యం, జనం వన్స్ మోర్ అనడం, మళ్ళీ పద్యం, అన్నీ అయ్యాయి. ఆమె దిగడానికి లేస్తూ అడిగింది.

"మంచిగ పాడిండు తాతా. ఈయన మీకు తెలుసా?"

నాన్న మంకీ క్యాపు సర్దుకున్నాడు.

"ఇప్పుడిప్పుడే తెలుస్తున్నడు బిడ్డా" అన్నాడు.

అమ్మ ఆపుకోలేక పగలబడి నవ్వింది. బస్సంతా మా వైపు తిరిగింది.